ఎక్కడివాళ్లక్కడే

కాగితాల్లో నేను ముప్పై ఏడో పిటిషనర్ని.
వన్‌టౌన్ మార్కెట్లో పిలిచేది
కొత్తిమీర సామ్రాజ్యం అని.
నాలుగడుగుల పొడుగు, మూడడుగుల వెడల్పు,
ఒక గోనెపట్టా, ఒక నీళ్ల చెంబు.
మా నాన్న ఏం చూసి పెట్టాడో ఆ పేరు.

నోటీసు అంటించింది గురువారం.
గుడ్ల కొట్టు నాగుల్ మీరా చదివి వినిపించాడు:
శిథిలం, ప్రమాదకరం, ఏడు రోజులు.
"ఆక్రమణదారులు" అన్నచోట ఆగి
నా మొహంలోకి చూసి
ఆ మాట మింగేశాడు.
మింగినా తెలిసిపోయింది.

రుజువులేమున్నాయన్నారు లాయరుగారు.
మా అత్త వదిలిపోయిన ఇనప చువ్వ పట్టుకెళ్లాను.
దాన్నిండా ఆశీలు చీటీలు,
గులాబీవి, పసుపువి, సిరా పోయి తెల్లబడ్డవి.
అర్ధరూపాయి కాలం, రెండు రూపాయల కాలం,
పదిచ్చినా ఇరవై అడిగే ఈ కాలం.
రోజూ డబ్బులు తీసుకునేప్పుడు
నేనెవరో కార్పొరేషన్‌కి తెలుసు.
లేచి పొమ్మన్నప్పుడే మర్చిపోయింది.
జిరాక్సు కొట్టు కుర్రాడు
చీటీకి రెండ్రూపాయల చొప్పున లెక్కగట్టాడు.
కొన్ని చీటీల మీదున్న రేటు కన్నా అదే ఎక్కువ.

వాయిదా వాయిదాకీ నేలపాడు బస్సు.
ఉండవల్లి దాటాక, పెనుమాక దగ్గర
దొండ పందిళ్లు ఇంకా ఉన్నాయా అని
కిటికీలోంచి వెతుక్కుంటాను.
ఈ దారినే గంపలు మా దగ్గరికొచ్చేవి.
ఇప్పుడు మేమే వెళ్తున్నాం,
టేపు కట్టిన ఫైళ్లలో కట్టలుగా.

కోర్టు హాల్లో చల్లగా ఉంది.
ఇక్కడైతే కొత్తిమీర రెండ్రోజులు నిలుస్తుంది
అనుకున్నాను ముందు.
మా సంగతి నాలుగు నిమిషాలు.
కార్పొరేషన్ తరపాయన రంగుల పటం విప్పాడు:
మూడంతస్తులు, లిఫ్టు, కింద కార్లు.
కార్లకి గీసిన ఒక్కో గడిలో
నాలాంటివాళ్లు పదిమంది పడతారు,
ఎండుచేపల ఏసుపాదం గంపతో సహా.

"స్టేటస్ కో" అన్నారు.
అంటే ఏంటండీ అంటే
ఎక్కడివాళ్లక్కడే అన్నారు లాయరుగారు, మెట్లు దిగుతూ.
ఏసుపాదం పైకి చూసి దణ్ణం పెట్టాడు.
అందరూ నవ్వారు. నా నవ్వే సగంలో ఆగింది.
మార్కెట్లో ఎక్కడిదక్కడ ఎప్పుడుంది?
తెల్లారుజామున కట్ట పది,
పదింటికి ఐదు,
మిట్టమధ్యాహ్నం ఆవుకి.
వాయిదా అంటే కొత్తిమీరకి తెలీదు.

మూడోసారి నాగుల్ మీరా బస్సెక్కలేదు.
సింగ్‌నగర్ అవతల చూపించిన స్థలానికి
ఒప్పుకుంటూ సంతకం పెట్టేశాడట.
కూతురికి ఆపరేషన్.
తిట్టాను గానీ తప్పుపట్టలేను.

మర్నాడు వెళ్లి చూశాను.
చెట్టు లేదు, కుళాయి లేదు,
వెనక గోడ మీద పాత వరద గీత
నా భుజం దాకా ఉంది.
గుడ్ల మీద తడిగుడ్డ కప్పి
రోడ్డు వైపు చూస్తూ కూర్చున్నాడు.
పక్కన సున్నంతో గీసిన ఖాళీ గడి,
లోపల ఒక అంకె. నాదే.
ఎవరూ చూడకుండా పాదాలతో కొలిచాను.
ఒక అడుగు ఎక్కువే ఇచ్చారు.
అప్పుడు భయమేసింది.

డజను గుడ్లు కొన్నాను.
వాడు డబ్బులొద్దన్నాడు, నేను పెట్టొచ్చాను.
దారిలో రెండు పగిలాయి.

ఇవాళ మళ్లీ వాయిదా పడింది.
లాయరుగారి గుమాస్తా
ఆదివారం సంచీతో వస్తాడు మార్కెట్‌కి.
నా కేసు నెంబరు అతనికి నోటికొచ్చు.
కట్ట పదంటే ఏడుకియ్యమంటాడు.
ఇవ్వను.
ఎక్కడి ధర అక్కడే బాబూ, అంటాను,
చెంబులో నీళ్లు
కట్టల మీద చిలకరిస్తూ.